సౌండ్ మార్చారు, భాష మార్చలేదు: బెర్రి చర్రాక్ గురించి కాస్త పొడుగ్గా

"స్పానిష్ ఆల్టర్నేటివ్ మెటల్ బ్యాండ్." బెర్రి చర్రాక్ గురించి ఎక్కడ వెతికినా ముందు కనబడేది ఈ నాలుగు ముక్కలే. మొన్న మా ఆఫీసులో కొత్తగా చేరిన కుర్రాడు, మెటల్ బాగానే వింటాడు, నా ఫోన్లో ఏం మోగుతోందో చూసి వెంటనే వెతికి ఇదే చదివి వినిపించాడు, ఇయర్‌ఫోన్ ఒకటి తీసుకుని రెండు పాటలు విన్నాక "అన్నా, ఇది స్పానిష్‌లా లేదే" అన్నాడు. లేదు మరి. ఉత్తర స్పెయిన్‌లో నవార్రా కొండల్లోని లెకున్‌బెర్రి అనే చిన్న ఊళ్ళో 1994లో మొదలై 2019లో ఆపేసిందాకా వాళ్ళు పాడింది అంతా బాస్క్‌లో, వాళ్ళు ఎవుస్కరా అంటారు, దానికి స్పానిష్‌తో చుట్టరికం లేదు, ఆ మాటకొస్తే ప్రపంచంలో బతికున్న ఏ భాషతోనూ ఉన్నట్టు ఎవరూ తేల్చలేదు. మాట్లాడేవాళ్ళు సుమారు ఏడున్నర లక్షలు.

ఇదంతా చెప్పాక వాడు అడిగిన మాటే ఈ పోస్టుకు కారణం. "ఇంత బాగా వాయిస్తున్నారు కదన్నా, ఇంగ్లీషులో పాడుంటే ఇంకా ఎక్కడికో వెళ్ళేవాళ్ళు కదా?" అన్నాడు. ఈ మాట నేను చాలామంది దగ్గర విన్నాను, ఈ బ్యాండ్ గురించే కాదు, మన దగ్గర గిటార్ పట్టుకున్న ప్రతి కుర్రాడి గురించీ విన్నాను. అప్పుడు టీ బ్రేక్ అయిపోయింది కాబట్టి పూర్తిగా చెప్పలేదు, ఇక్కడ చెప్తాను.

నా అభిప్రాయం ఇది: ఈ బ్యాండ్ తన సౌండ్‌ని ఎవరి చేతికైనా ఇచ్చింది, ఎన్నిసార్లయినా మార్చుకుంది, భాష దగ్గర మాత్రం ఒక్క అంగుళం జరగలేదు. ఆ ఒక్కటి కదలకుండా ఉండబట్టే మిగతావన్నీ అంత ధైర్యంగా మార్చగలిగారు. మామూలుగా బ్యాండ్లు దీన్ని తిరగేసి చేస్తాయి, "మా సౌండ్ మా ప్రాణం" అని ఒకే రిఫ్‌ని (గిటార్ మీద మళ్ళీ మళ్ళీ తిరిగొచ్చే చిన్న ముక్క) పాతికేళ్ళు వాయిస్తూ, మార్కెట్ కోసం భాషని మాత్రం ఇట్టే వదిలేస్తాయి.

వీళ్ళ కంటే ముందు

వీళ్ళే మొదటివాళ్ళు అన్నట్టు రాస్తే అది అన్యాయం. బాస్క్‌లో గట్టిగా అరిచి పాడటం 1994కి కొత్తేం కాదు. ఫెర్మిన్ ముగురుసా వాళ్ళ కొర్తాతు బ్యాండ్ ముందు ఎక్కువగా స్పానిష్‌లోనే పాడి, 1988లో వచ్చిన చివరి స్టూడియో ఆల్బమ్‌కి పూర్తిగా బాస్క్‌లోకి వచ్చేసింది. ఫెర్మిన్ ఆ భాషని ఇంట్లో నేర్చుకున్నవాడు కాదు, పెద్దయ్యాక పట్టుబట్టి నేర్చుకున్నాడు. తర్వాత పెట్టిన నేగు గొర్రియాక్ మొదటినుంచీ బాస్క్‌లోనే పాడింది. ఐబార్ నుంచి వచ్చిన సు తా గార్ హెవీ మెటల్‌ని ఆ భాషలో వాయించి జనాన్ని కూడగట్టింది. స్పెయిన్ నియంత ఫ్రాంకో కాలంలో బళ్ళో, ఆఫీసులో నోరెత్తనివ్వని భాష అది, 1975లో ఆయన పోయాక ఇకస్తోలాలు అనే బాస్క్ మీడియం బడులు పెరిగి, ఆ బడుల్లో చదివిన పిల్లలు గిటార్లు పట్టుకునే వయసుకొచ్చేసరికి తొంభైలు మొదలయ్యాయి.

కాబట్టి బెర్రి చర్రాక్ గాయకుడు, గిటారిస్టు గోర్కా ఉర్బిసు, మిగతా కుర్రాళ్ళు బాస్క్‌లో పాడటం మొదలుపెట్టినప్పుడు అదేదో ఒంటరి పోరాటం కాదు, వాళ్ళకు అప్పటికే దారి వేసి ఉంది. ఇది నా వాదనకు కొంచెం ఇబ్బందే, దాని సంగతికి తర్వాత వస్తాను.

అయినా వేరే దారులు కూడా అప్పుడు తెరిచే ఉన్నాయి, అది మర్చిపోకూడదు. అదే నవార్రాలో, పాంప్లోనా నుంచి బర్రికాదా అనే రాక్ బ్యాండ్ ఎనభైల నుంచి స్పానిష్‌లో పాడి దేశమంతా పేరు తెచ్చుకుంది. ఇంకా దగ్గరి ఉదాహరణ కావాలంటే 1997 చూడండి. ఆ ఏడు బెర్రి చర్రాక్ మొదటి ఆల్బమ్ బ్యాండ్ పేరుతోనే గస్తెలుపెకో ఒత్సాక్ అనే చిన్న బాస్క్ లేబుల్ మీద వచ్చింది. అదే ఏడు మాడ్రిడ్ నుంచి దోవర్ అనే బ్యాండ్ మొత్తం ఇంగ్లీషులో పాడిన ఆల్బమ్‌తో స్పెయిన్‌ని ఊపేసింది. అంటే పందొమ్మిది ఇరవై ఏళ్ళ కుర్రాళ్ళ కళ్ళ ముందే "ఇంగ్లీషులో పాడితే ఇలా ఉంటుంది" అని ఎదురుగా చూపించినట్టే. అయినా వీళ్ళు అటు తిరగలేదు.

సౌండ్ ఎలా నడిచింది

మొదటి మూడు ఆల్బమ్‌లు వింటే, "ఆల్టర్నేటివ్ మెటల్" అన్న ముద్ర ఎందుకు పడిందో అర్థమవుతుంది. 1999లో 'ఇకస్తెన్', 2001లో 'ఎస్కువాక్/ఉకబిలాక్'. రెండు గిటార్లు, కిందికి దింపిన ట్యూనింగ్, ఆగి ఆగి కొట్టే రిఫ్, సగం మాట సగం అరుపులా గొంతు. రేజ్ అగైన్‌స్ట్ ది మెషీన్, హెల్మెట్ లాంటి అమెరికా బ్యాండ్లని విన్న చెవికి ఇది ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పక్కర్లేదు. 'ఓయు' పాట ఈ కాలానిదే, వాళ్ళ పాటల్లో ఒక్కటే వినిపించు అంటే ఇప్పటికీ చాలామంది దాన్నే పెడతారు. నాకు ఆ పాటలో నచ్చేది బరువు కాదు, గోర్కా గొంతు అరుపు నుంచి రాగంలోకి జారే చోటు, అది అతుకు పెట్టినట్టు ఉండదు, ఒకే ఊపిరిలో జరిగిపోతుంది. ఆ రోజుల్లో ఆ తరహా పాడేవాళ్ళు చాలామంది చరణం అరిచి పల్లవి పాడేవాళ్ళు, రెంటి మధ్యా గోడ కనబడేది.

2003లో 'లిబ్రె', 2005లో 'హాయో.మూసికా.ఇల్' వచ్చేసరికి పాట రాసే తీరు ముదిరింది, రిఫ్ మీద పాట కట్టడం తగ్గి పాటకు రిఫ్ కట్టడం మొదలైంది. తర్వాత రెండో గిటారిస్టు వెళ్ళిపోయి ముగ్గురు మిగిలారు. చాలా బ్యాండ్లు అలాంటప్పుడు వెంటనే కొత్తవాణ్ణి తెచ్చుకుని అదే సౌండ్ నిలబెట్టుకుంటాయి. వీళ్ళు ఖాళీని అలాగే ఉంచేశారు, బేస్ గిటార్ మీద డిస్టార్షన్ (శబ్దాన్ని గరగరగా మార్చే ఎఫెక్ట్) పెంచి, డ్రమ్స్‌కి గాలి ఆడనిచ్చి, ఆ లోటునే సౌండ్ చేసుకున్నారు.

ఆ లోటుతోనే 2009లో షికాగోలో స్టీవ్ అల్బినీ దగ్గరికెళ్ళి 'పాయోలా' రికార్డు చేశారు. ఇక్కడ నేను కాస్త ఆగాలి. అల్బినీ అంటే పిక్సీస్, నిర్వానా ఆల్బమ్‌లు చేసినవాడు, 2024లో పోయాడు. తనను ప్రొడ్యూసర్ అంటే ఒప్పుకునేవాడు కాదు, గదిలో వాయిద్యం ఎలా మోగితే అలాగే టేపు మీదకి ఎక్కించడమే నా పని అనేవాడు, అమ్మకాల్లో వాటా తీసుకోకుండా పనికి కూలీలాగా ఒకే మొత్తం తీసుకునేవాడు. సంగీత వ్యాపారం కళాకారుణ్ణి ఎలా పీల్చేస్తుందో లెక్కలేసి మరీ రాసినవాడు. పాయోలా అంటే రేడియోలో పాట వేయించుకోవడానికి ఇచ్చే లంచం. ఆ పేరు పెట్టిన ఆల్బమ్‌ని ఆ మనిషి చేతిలో పెట్టడం ఊరికే జరిగింది కాదని నా నమ్మకం. విన్నా అంతే, పాలిష్ లేదు, డ్రమ్ దెబ్బ తర్వాత గది గోడ కూడా వినబడుతుంది, గిటార్ ఒక్కటే ఉందని దాచే ప్రయత్నమే లేదు.

రెండేళ్ళకే, 2011లో 'ఆరియా' కోసం పూర్తిగా ఎదురు స్వభావం ఉన్న మనిషి దగ్గరికెళ్ళారు. రాస్ రాబిన్సన్. కోర్న్ మొదటి ఆల్బమ్, సెపుల్తురా 'రూట్స్', స్లిప్‌నాట్ మొదటి ఆల్బమ్, మెటల్‌లో హిప్‌హాప్ కలిపిన న్యూ మెటల్ అనే గొడవంతా ఆయన గదిలోనే పుట్టిందంటే అతిశయోక్తి కాదు. అల్బినీ ఉన్నది ఉన్నట్టు పట్టేవాడైతే, రాబిన్సన్ గాయకుణ్ణి లోపల్నుంచి కదిలించి, ఏడిపించైనా సరే బయటికి లాగుతాడని పేరు. నాకు ఆసక్తిగా అనిపించేది ఇది: 2001లో, ఆ తరహా సౌండ్ వాళ్ళది అయినప్పుడు, ఆ ఫ్యాషన్ ప్రపంచమంతా నడుస్తున్నప్పుడు వెళ్ళలేదు. దాని హడావిడి అంతా చల్లారి, వాళ్ళ సంగీతం దాన్ని దాటేశాక వెళ్ళారు. అప్పుడు రాబిన్సన్ నుంచి తీసుకున్నది న్యూ మెటల్ కాదు, గొంతులో ఉన్న ఆ ఒత్తిడి. డ్రమ్స్ మీద గాల్డెర్ ఇసాగిర్రె, ఇంతకుముందు దూత్ అనే బ్యాండ్‌లో వాయించినవాడు, బేస్ మీద డేవిడ్ గొన్సాలెస్, గిటార్, గొంతు గోర్కా. చివరిదాకా నిలిచిన ముగ్గురు వీళ్ళే.

ఆ తర్వాత 2014లో ఇరవై ఏళ్ళ సందర్భంగా చేసిన పని చూడండి, ఒకే ఆల్బమ్‌ని మూడు భాగాలు చేసి ముగ్గురు వేరువేరు ప్రొడ్యూసర్లకి ఇచ్చారు. ఒకటి రికీ ఫాల్క్‌నర్‌కి, ఒకటి లిసాబో బ్యాండ్‌కి చెందిన కార్లోస్ ఒసినాగాకి, ఒకటి అమెరికాలో బిల్ స్టీవెన్సన్‌కి, ఈయన డిసెండెంట్స్ అనే పంక్ బ్యాండ్ డ్రమ్మర్, కొన్నాళ్ళు బ్లాక్ ఫ్లాగ్‌లో కూడా. 'డెన్బోరా దా పొలిగ్రాఫో బకర్రా' దాని పేరు. ఇరవై ఏళ్ళకి హిట్లన్నీ కలిపి ఒక డిస్క్ వేసుకుంటే ఎవరూ కాదనరు. వీళ్ళు మాత్రం "మా సౌండ్ ఏది" అన్న ప్రశ్నకి మూడు జవాబులు ఒకేసారి ఇచ్చారు. మూడూ నాకు సమానంగా నచ్చవు, పంక్ భాగం నాకు కాస్త ఎక్కువ తేలిగ్గా అనిపిస్తుంది, అయినా ఆ నిర్ణయం మీద నాకు గౌరవం. 2017లో 'ఇన్‌ఫ్రాసోయ్నువాక్' మళ్ళీ స్టీవెన్సన్‌తోనే, అదే చివరి స్టూడియో ఆల్బమ్.

ఇప్పుడు ఈ ఆల్బమ్‌లన్నీ కలిపి ఒక దారంలో గుచ్చు అంటే దేనితో గుచ్చుతారు? జానర్‌తో కుదరదు. మెటల్ ఉంది, హార్డ్‌కోర్ ఉంది, పంక్ ఉంది, కొన్నిచోట్ల శుద్ధమైన పాప్ మెలోడీ ఉంది. భాష ఒక్కటే మొదటి రోజు నుంచి చివరి రోజు దాకా ఉంది.

ఎదురు వాదనలు, వాటిలో బలమైనవి

మొదటిది నేనే పైన ఒప్పుకున్నాను. బాస్క్‌లో పాడటం వాళ్ళ ఊళ్ళో త్యాగం కాదు, దానికి ఒక వ్యవస్థ ఉంది. ప్రతి ఊళ్ళో జాతరలు, ఆ జాతరల్లో రాత్రి కచేరీలు, గస్తెచె అని కుర్రాళ్ళు ఖాళీ భవనాలు పట్టుకుని నడుపుకునే అడ్డాలు, బాస్క్‌లోనే నడిచే రేడియో, సొంత లేబుళ్ళు. అన్నిటికీ మించి పాటలో మాటని పట్టించుకునే జనం. బెర్చొలారిలు అని అప్పటికప్పుడు పద్యం కట్టి పాడేవాళ్ళుంటారు, మన అవధానాల్లాగా, కాకపోతే వాళ్ళ ఫైనల్ పోటీకి వేలమంది టికెట్ కొనుక్కుని వస్తారు. అలాంటి చోట భాష వదలకపోవడం గొప్పేముంది, అదే తెలివైన బేరం కదా అని ఎవరైనా అడగొచ్చు.

సగం ఒప్పుకుంటాను. ఆ వ్యవస్థ లేకపోతే ఈ బ్యాండ్ రెండో ఆల్బమ్ దాకా కూడా వచ్చేది కాదేమో. కానీ ఆ వ్యవస్థ ఇంట్లో భోజనం పెడుతుంది, జర్మనీలోనో జపాన్‌లోనో స్టేజీ ఎక్కించదు. అక్కడికి వెళ్ళాలనుకున్న రోజు భాష మార్చుకునే ఒత్తిడి మొదలవుతుంది, సరిగ్గా అక్కడే వీళ్ళు మార్చుకోలేదు. యూరప్‌లో రైజ్ అగైన్‌స్ట్ అనే అమెరికా పంక్ బ్యాండ్‌తో కలిసి తిరిగారు, జపాన్, మెక్సికో, అమెరికా వెళ్ళి వాయించారు, అన్నిచోట్లా అవే మాటలు.

రెండో వాదన నాకు ఇంకా కష్టమైనది. బయటివాళ్ళకి మాట అర్థం కానప్పుడు భాష ఏదైతే ఏంటి? టోక్యోలో వినేవాడికీ, హైదరాబాద్‌లో నాకూ అది శబ్దమే కదా?

దీనికి నా దగ్గర ఒక పాట ఉంది. 'మరవియాస్' అని. చాలాకాలం ఆ పాట నాకు రాగంగానే తెలుసు, చివర్లో గొంతు పైకెళ్ళేచోట ఒళ్ళు జలదరించేది, అంతే. తర్వాత దాని కథ చదివాను. మరవియాస్ లాంబెర్తో, నవార్రాలోనే లర్రాగా అనే ఊరి పిల్ల, పద్నాలుగేళ్ళు. 1936లో స్పెయిన్ అంతర్యుద్ధం మొదలైన కొత్తలో, నాన్నని పట్టుకెళ్ళడానికి ఇంటికొచ్చినవాళ్ళు, తోడు వస్తానన్న ఈ పిల్లనీ తీసుకెళ్ళి, చెరిచి, ఇద్దర్నీ చంపేశారు. చెల్లెలు హోసెఫినా ముసలితనం దాకా ఆ న్యాయం కోసం మాట్లాడుతూనే ఉంది. ఇది తెలిశాక ఆ పాట నేను వేరేగా వింటున్నాను, వంట చేస్తూ వినలేను, పని చేసుకుంటూ వినలేను. కానీ గమనించాల్సింది ఏమిటంటే, కథ తెలియకముందు కూడా ఆ చివర్లో ఏదో బరువైనది ఉందని నాకు తెలిసింది. ఆ మాటలు గోర్కా తన ఊరివాళ్ళకి, ఆ హత్యల గురించి దశాబ్దాలపాటు నోరు విప్పని ఊళ్ళకి చెప్తున్నాడు. మనం పక్కన నిలబడి వింటున్నాం. ఆయన అదే సంగతిని నాకు అర్థం కావాలని ఇంగ్లీషులో పాడుంటే నాకు సమాచారం అందేది, ఆ గొంతులో ఆ బరువు ఉండేదని మాత్రం నేను అనుకోను. ఎవరితో మాట్లాడుతున్నాడన్నది గొంతుని మార్చేస్తుంది.

మన నోటికి డిస్టార్షన్ కుదరదా

ఇంజనీరింగ్ రోజుల్లో హైదరాబాద్‌లో మా ఫ్రెండ్స్‌కి ఒక బ్యాండ్ ఉండేది, అన్నీ ఇంగ్లీషు పాటలే. ఒకసారి తెలుగులో ఒకటి ట్రై చేద్దామంటే మా సింగర్ చెప్పిన కారణం నాకు ఇప్పటికీ గుర్తు: "మామా, మన మాటలన్నీ అచ్చుతో అయిపోతాయి రా, రిఫ్ టక్‌మని ఆగుతుంది, మాట మాత్రం సాగుతూ ఉంటది." వాడు తేలిగ్గా అన్న మాట కాదది, చెవి ఉన్నవాడు. బాస్క్ వింటే వాడి పాయింట్ ఇంకా బలపడుతుంది కూడా. ఆ భాషలో బహువచనాలు చాలావరకు 'క్'తో ఆగుతాయి, చ్, త్స్ లాంటి శబ్దాలు అడుగడుగునా ఉంటాయి, అరచేత్తో తీగలు నొక్కిపట్టి పొట్టిగా మోగించే (పామ్ మ్యూట్) గిటార్ పక్కన ఆ హల్లులు ఇంకో డ్రమ్‌లాగే పడతాయి. బ్యాండ్ పేరే గట్టిగా పలికి చూడండి.

అయితే ఇదే కారణమైతే జపనీస్‌లో హెవీ సంగీతం పుట్టకూడదు. అదీ దాదాపు అంతా అచ్చులతో ముగిసే భాషే, అక్కడ డిర్ ఎన్ గ్రే, మాక్సిమమ్ ది హార్మోన్ లాంటివాళ్ళు ఆ అచ్చుల్ని సాగదీసి, నరికి, మింగి, వాటితోనే కొత్త రకం పాట చేశారు. భాష కుదరకపోతే రిఫ్‌ని మార్చాలి, అది సౌండ్ పని. బెర్రి చర్రాక్‌కి భాష సాయం చేసిందన్నది నిజం, కానీ ఆ సాయం వాడుకోవాలని కూర్చున్నది వాళ్ళే.

మనం ఎనిమిది కోట్లమందికి పైగా ఉన్నాం. తెలుగులో ఇండిపెండెంట్‌గా పాడే బ్యాండ్లు ఇప్పుడు వస్తున్నాయి, సంతోషం, కానీ ఎక్కువగా జానపదం వైపో ఫ్యూజన్ వైపో వెళ్తున్నారు. గట్టి సంగీతం చేసేవాళ్ళు మాత్రం ఇంకా ఎక్కువగా ఇంగ్లీషులోనే రాస్తున్నారు, అడిగితే రీచ్ అంటారు. రీచ్ మాటే అయితే మాడ్రిడ్‌ బ్యాండ్లు చూడండి. హామ్లెట్ 1987 నుంచి ఉంది, సోబెర్ సరిగ్గా బెర్రి చర్రాక్ పుట్టిన 1994లోనే పుట్టింది, రెండూ నాకిష్టమైనవే, సోబెర్ 2002 ఆల్బమ్ 'పరాదీసో' ఇప్పటికీ వింటాను. ఆ ఇద్దరూ పాడింది దాదాపు యాభై కోట్లమంది మాట్లాడే స్పానిష్‌లో. భాష సైజే అన్నీ తేల్చేసేదైతే వాళ్ళ ముందు ఈ లెకున్‌బెర్రి కుర్రాళ్ళ పేరు వినబడకూడదు.

ఆపేయడం గురించి

2018లో ఇక చాలని చెప్పి, 2019 అంతా 'ఇకుసి ఆర్తె' పేరుతో వీడ్కోలు టూర్ చేసి, ఆ ఏడాది చివర్లో పాంప్లోనాలోని నవార్రా అరీనాలో ముగించారు. గొడవపడి విడిపోలేదు, జనం తగ్గి మూసేయలేదు, హాళ్ళు అప్పటికంటే పెద్దవి ఎప్పుడూ లేవు. కొందరు అభిమానులు దీన్ని ఇప్పటికీ క్షమించలేదు, ఒక చిన్న భాషకి అంత పెద్ద గొంతు దొరికినప్పుడు దాన్ని ఆపే హక్కు ముగ్గురికే ఉందా అని అడుగుతారు. ఈ ప్రశ్నని నేను తీసిపారేయలేను. భాష కోసం నిలబడ్డ బ్యాండ్‌కి ఆ భాష ముందు బాధ్యత ఉంటుందా అంటే, ఉంటుందనే అనిపిస్తుంది కొన్నిసార్లు. కానీ బాధ్యత కోసం నడిచే బ్యాండ్ ఎలా మోగుతుందో కూడా మనందరికీ తెలుసు.

గోర్కా 2024లో ముందు హడావిడి ఏమీ లేకుండా 'ఆసియెరా బాత్' అని సొంత ఆల్బమ్ వదిలాడు. మా ఆఫీసు కుర్రాడికి అదే వినిపించాను ఈ వారం, బెర్రి చర్రాక్ పాటలు నాలుగైదు విన్నాక. మెటల్ లేదు, ఆ డిస్టార్షన్ గోడ లేదు, గొంతు ఎక్కడా అరవదు. "ఇది వేరే మనిషి కదన్నా" అన్నాడు ముందు. రెండో పాట సగంలో "కాదు, అదే మనిషి" అన్నాడు. ఎలా తెలిసిందంటే చెప్పలేకపోయాడు, అతను మాట పలికే తీరు అన్నాడు చివరికి. ఇంగ్లీషులో పాడుంటే ఎక్కడికో వెళ్ళేవాళ్ళన్న మాట మీద మాత్రం ఇంకా అలాగే ఉన్నాడు, రైజ్ అగైన్‌స్ట్ అమ్ముకున్నన్ని టికెట్లు వీళ్ళు అమ్మలేదు కదా అంటాడు. అమ్మలేదు, నిజమే. సోమవారం నుంచి వాడికి 'పాయోలా' మొదటినుంచి చివరిదాకా ఆపకుండా వినమని చెప్పాను, ఆ తర్వాత మళ్ళీ కూర్చుంటాం.